ముఖాలు లేని సినిమా

జర్మనీ ముసలామెకు కొంచెం మతి చలించిందేమోనని సిద్ధమ్మ మొదట్లో అనుకుంది. అనుకోక ఏం చేస్తుంది? పొద్దున కాఫీ తీసుకుని మేడమీదికి వెళ్తే టీవీలో ఒక మనిషి తలుపు తోసుకుని లోపలికి వస్తుండేవాడు. గిన్నెలు కడిగి, బట్టలు ఆరేసి మళ్ళీ వెళ్తే ఆ మనిషే, ఆ తలుపే, ఇంకా లోపలికి వస్తూనే ఉండేవాడు. ముసలామె బటన్ నొక్కి అతన్ని వెనక్కి నడిపించేది, మళ్ళీ ముందుకు నడిపించేది. తలుపు మూసుకోకముందు ఆపాలా, మూసుకున్నాక ఆపాలా అన్నది తేల్చుకోవడానికి ఆమెకు మధ్యాహ్నం దాటేది.

సిద్ధమ్మది రాయచోటి పక్కన పల్లె. సాల్మియాలో ఒక కువైటీ ఇంట్లో వంటకూ ఇంటిపనికీ కుదిరి చాలా ఏళ్ళే అయింది. ఆ వేసవికి ఇంటి యజమానురాలు, అక్కడి పిలుపులో మామా, పిల్లల్ని తీసుకుని కైరో వెళ్ళింది. మామా తమ్ముడు బదర్ సినిమాలు తీసేవాడు. పాటలూ ఫైట్లూ ఉండేవి కాదు, నిజంగా జరిగినవాటిని తీసి చూపించేవి. రద్దు చేసిన పార్లమెంటును మళ్ళీ పెట్టమని కువైటీలు ఇళ్ళల్లో కూడి సభలు జరుపుకుంటుంటే, వాటిని ఏడాదిగా తీసి గుట్ట పోశాడు. ఆ గుట్టను సినిమాగా కూర్చడానికి, బెర్లిన్‌లో తనకు చదువు చెప్పిన ఇల్సే రోడెవాల్ట్‌ను పిలిపించి అక్క ఇంటి మేడమీద దింపాడు. అది 1990, జులై నెల.

అరవై దాటిన మనిషి. పొట్టిగా కత్తిరించిన తెల్లజుట్టు, మెడలో తాడుకు వేలాడే కళ్ళజోడు. బేరూత్‌లో సినిమాలు కూరుస్తూ నేర్చుకున్న అరబ్బీ ఆమెది, వంటింట్లో నేర్చుకున్న అరబ్బీ సిద్ధమ్మది. మాట చాలనిచోట చేతులు సాయం వచ్చేవి. సిద్ధమ్మ అలవాటుకొద్దీ "మామా" అని పిలిస్తే ఆమె తల అడ్డంగా ఊపింది. "మామా వద్దు. ఇల్సే." అంత పెద్దామెను పేరు పెట్టి పిలవడానికి సిద్ధమ్మకు నోరు రాలేదు. "ఇల్సమ్మా" అంది. అది ఇద్దరికీ కుదిరింది.

ఆగస్టు రెండున తెల్లవారుతుండగా ఉరుములు వినిపించాయి. ఈ ఎండాకాలంలో ఉరుమేమిటని సిద్ధమ్మ మిద్దె ఎక్కి చూస్తే, సముద్రం పక్కన రోడ్డు మీద ట్యాంకులు వరస కట్టి పోతున్నాయి. ఇరాక్ సైన్యం. సాయంత్రానికల్లా రేడియోలో గొంతులు మారిపోయాయి. వీధి చివర దుకాణం అద్దాలు పగిలిపోయాయి. ఎప్పుడూ కార్లు ఆగని రోడ్డు మీద ఒక పిల్లి అడ్డంగా పడుకుని నిద్రపోతోంది. దాన్ని చూసినప్పుడు సిద్ధమ్మకు మొదటిసారి భయం వేసింది.

కొన్నాళ్ళకు బదర్ వచ్చాడు. గడ్డం పెరిగింది, కళ్ళు లోపలికి పోయాయి. యూరపువాళ్ళనూ అమెరికావాళ్ళనూ ఇల్లిల్లూ వెతికి పట్టుకుపోతున్నారని చెప్పాడు. ఫ్యాక్టరీల దగ్గరా డ్యాముల దగ్గరా ఉంచి, బాంబులు పడకుండా అడ్డం పెట్టుకుంటారట. దాచినవాళ్ళను ఉరి తీస్తామని చాటించారట.

"నువ్వు ఇండియా మనిషివి సిద్ధమ్మా, నిన్నేమీ అనరు. హవల్లీలో మీవాళ్ళ దగ్గరికి వెళ్ళిపో. ఈమె సంగతి నేను చూసుకుంటాను" అన్నాడు.

"నువ్వేం జూస్తావు బాబా? పగలొక సోట, రేయొక సోట తిరుగుతాండావు. ఉండనీలే. ఒకరికి వండే కుండలోనే ఇద్దరికీ ఉడుకుతాది" అంది సిద్ధమ్మ.

ఆ మాట ధైర్యంతో అన్నది కాదు. మేడమీద ఒక ముసలామె ఒంటరిగా కూర్చుని ఉంటే తాను హవల్లీలో అన్నం ఎలా తింటుందో ఆమెకు ఊహకు అందలేదు, అంతే.

మేడమీద కిటికీలకు దుప్పట్లు కట్టారు. ఇల్సమ్మ బూట్లు విప్పేసి మేజోళ్ళతో నడవడం నేర్చుకుంది. పప్పన్నం తినడం, కారం తగిలితే కళ్ళనీళ్ళు తుడుచుకుంటూ ఇంకొంచెం అడగడం కూడా నేర్చుకుంది.

తర్వాత బదర్ దిష్‌దాషా అనే పొడుగు అంగీ కింద దాచి రెండు క్యాసెట్లు తెచ్చాడు. కువైటీ ఆడవాళ్ళు నల్లటి అబాయాలు వేసుకుని సైన్యానికి ఎదురు ఊరేగింపుగా నడిచారు. ఒకరు మేడమీది కిటికీలోంచి, ఇంకొకరు అబాయా మాటున కెమెరా పెట్టుకుని గుంపులోంచి తీశారు. సైనికులు కాల్చారు. ఒక పిల్ల పడిపోయి మళ్ళీ లేవలేదు. కెమెరా నేల మీద పడిపోయి కూడా తిరుగుతూనే ఉంది.

"దీన్ని బయటి ప్రపంచానికి పంపాలి" అన్నాడు బదర్. "ఎవరో ఒకరు చూడాలి. కానీ ఇట్లా పంపితే ఎవరికీ ఏమీ అర్థం కాదు."

ఇల్సమ్మ ఆ రెండూ చూసింది. మళ్ళీ చూసింది. కళ్ళజోడు తీసి తుడుచుకుని సిద్ధమ్మ వైపు తిరిగింది. "నాకు నీ వేలు కావాలి" అంది.

ఇన్నేళ్ళూ ఆమె ఫిల్మును చేత్తో పట్టుకుని, కత్తిరించి, అతికించి పనిచేసింది. ఇక్కడ ఉన్నవి మామూలు ఇళ్ళల్లో ఉండే వీడియో మిషన్లు. ఒకదాంట్లో తీసిన క్యాసెట్ ఆడుతుంటే, కావలసిన ముక్క వచ్చే క్షణానికి రెండోదాంట్లో ఖాళీ క్యాసెట్ మీద పట్టాలి. ఇల్సమ్మ వేళ్ళకు కీళ్ళనొప్పి. అందుకని ఆమె మొదటి మిషన్ దగ్గర, సిద్ధమ్మ రెండో మిషన్ దగ్గర. ఇల్సమ్మ గడ్డం కిందికి దిగిందంటే నొక్కాలి. కనురెప్ప పడేంత ఆలస్యమైనా ముక్క పాడైపోయేది. మొదట్లో అన్నీ పాడయ్యాయి. ఇల్సమ్మ విసుక్కోలేదు. "మళ్ళీ" అనేది. రాను రాను సిద్ధమ్మకు ఆ గడ్డం చూడాల్సిన అవసరం తగ్గింది. ఆమె ఊపిరి బిగబట్టడం వినబడితే చాలు, వేలు దానంతటదే దిగేది.

"యాల ఇల్సమ్మా ఇంత అవస్థ? ఉన్నదున్నట్టు సూపిస్తే సాలదా?" అని ఒకనాడు అడిగింది.

ఇల్సమ్మ ఏదో క్యాసెట్ వెతికి పెట్టింది. తెర మీద సిద్ధమ్మ ముఖం! వంటింట్లో నిలబడి దేనికేసో చూస్తోంది. జులైలో కెమెరా సరిచూసుకుంటూ బదర్ తీశాడట. ఆ ముఖం తర్వాత రొట్టె కోసం నిలబడ్డ జనాన్ని అతికించి చూపించింది ఇల్సమ్మ. "ఏమనిపిస్తోంది?"

"ఆకలిగొన్న దాని మాదిరి ఉండా."

ఆ ముఖమే. దాని తర్వాత ఈసారి తుపాకీ పట్టుకున్న సైనికుడు. సిద్ధమ్మ ఉలిక్కిపడింది. తెర మీది ఆడమనిషి వాణ్ని నిలువునా కాల్చేసేలా చూస్తోంది. కన్ను అదే, పెదవి అదే. ఎక్కడా ఏమీ మారలేదు.

"అయ్యో తల్లీ! నేను పాలు పొంగుతాయేమోనని సూస్తాంటి!"

సిద్ధమ్మ పకపకా నవ్వింది. ఇల్సమ్మ నవ్వలేదు. కుర్చీ దగ్గరికి జరుపుకుని తన కథ చెప్పింది. ఆగి ఆగి, మాటలు వెతుక్కుంటూ చెప్పింది.

చిన్నపిల్లగా ఉన్నప్పుడు వాళ్ళ ఊరి సినిమా హాల్లో యుద్ధం వార్తలు చూపించేవాళ్ళు. జర్మనీ సైన్యం ఏదో పట్నంలోకి నడిచిపోతుంది, జనం పూలు చల్లి కేకలు వేస్తారు. హాల్లో అందరితోపాటు తానూ కుర్చీ ఎక్కి చప్పట్లు కొట్టేది. యుద్ధంలో జర్మనీ ఓడిపోయింది, ఊరు రాళ్ళకుప్ప అయింది, నాన్న తిరిగి రాలేదు. బెర్లిన్‌లో సగం కూలిన ఒక ఫిల్ము గిడ్డంగిలో పాత రీళ్ళు ఏరిపెట్టే పని దొరికింది. అక్కడ ఆమెకు ఆ వార్తారీలు కనిపించింది. దాని పక్క డబ్బాలో పూలు చల్లే జనం కూడా కనిపించారు. వాళ్ళది ఇంకో ఊరు, ఇంకో ఏడు, ఏదో పంటల పండగ. సైన్యం నడిచిన వీధిలో నిజానికి మనుషులే లేరు. కిటికీలన్నీ మూసి ఉన్నాయి.

"నేను చప్పట్లు కొట్టింది ఒక అతుకుని చూసి" అంది ఇల్సమ్మ. "మర్నాడు వెళ్ళి, నాకు కత్తిరించడం నేర్పండి అని అడిగాను."

ఆ తర్వాత ఆమె బతుకంతా చీకటి గదుల్లోనే గడిచింది. బొగ్గుగని కార్మికుల సమ్మెలు. వేల మందిని చంపిన క్యాంపుల కాపలాదారులు కోర్టు బోనులో నిలబడి "మాకు గుర్తులేదు" అనడం. చిలీనుంచి బియ్యం బస్తాల్లో దాచి పంపిన రీళ్ళు, బేరూత్‌లో కూలిన ఇళ్ళ మధ్య వెతుక్కుంటున్న తల్లులు. ఎవరో తీసుకొచ్చి ఆమె ముందు కుమ్మరిస్తారు, ఆమె ఏరి ఒక వరసలో పెడుతుంది. సినిమా అయిపోయాక చివర చిన్న అక్షరాల్లో ఆమె పేరు పడేటప్పటికి జనం లేచి కోట్లు తొడుక్కుంటుంటారట.

సిద్ధమ్మ నోరు తెరుచుకుని విన్నది. ఒక మనిషి ఇంత లోకాన్ని, అందులోనూ ఇంత దుఃఖాన్ని, ఒక గదిలో కూర్చుని చూసి, చూసింది చూసినట్టే మోసుకుంటూ తిరగగలదా? ఆ పొట్టి చేతుల కేసి చూసింది. చిటికెన వేలు వంకర తిరిగి ఉంది. పొద్దున ఆ వేలితోనే కదా గిన్నెలో పప్పు తుడుచుకు తిన్నది!

సినిమా ఒక రూపానికి వస్తుండగా బదర్‌తో గొడవైంది. అతను ఇంకో క్యాసెట్ తెచ్చాడు. ఎప్పుడో ఒక చావింట్లో గుండెలు బాదుకుని ఏడుస్తున్న ముసలమ్మ. "కాల్పుల తర్వాత ఇది పెట్టండి. చూసినవాళ్ళ గుండె పగలాలి" అన్నాడు.

"ఆమె ఎవరి కోసం ఏడుస్తోంది?"

"మా మేనత్త. మామయ్య పోయినప్పుడు తీసింది. అయితే ఏం? ఇప్పుడు ఇట్లా ఏడ్చే తల్లులు లేరా ఈ ఊళ్ళో?"

"ఉన్నారు. వాళ్ళను తీసుకురా, పెడతాను."

"మా పిల్లలు చస్తున్నారు, మీరు నియమాలు చెప్తున్నారు!" బదర్ గొంతు పెరిగింది. సిద్ధమ్మ గబగబా కిటికీ దుప్పటి సర్దింది.

ఇల్సమ్మ గొంతు మాత్రం పెరగలేదు. "నువ్వు పెట్టిన ఒక్క అబద్ధాన్ని వాళ్ళు పట్టుకుంటారు బదర్. పట్టుకుని, నిజంగా చచ్చిపోయిన ఆ పిల్ల కూడా అబద్ధమే అంటారు. ఆ పిల్లకు రెండోసారి చావు నా చేతిలో జరగదు."

అంతటితో ఆగలేదు. ఊరేగింపులో ఒక్కరి ముఖం కూడా కనిపించకూడదంది. ముఖం కనిపిస్తే ఇరాక్‌వాళ్ళు ఇంటికి వస్తారు. బదర్ తల పట్టుకున్నాడు. ముఖాలు లేకుండా సినిమా ఏమిటి? ముఖమే కదా ఏడిచేది, ముఖమే కదా అరిచేది?

సిద్ధమ్మకూ అదే సందేహం. కానీ ఆమె వేలు నొక్కుతుండగానే ఆ వింత జరిగింది. తెర నిండా పాదాలు వచ్చాయి. బూట్లు, చెప్పులు, ఒక వట్టికాలు. పక్కపక్కన పట్టుకున్న చేతులు, ఒక చేతికి గోరింటాకు ఇంకా ఎర్రగా ఉంది. గాలికి లేచే నల్లబట్ట. గొంతులు. కాల్పులు. పడిపోయిన కెమెరా చూసిన ఆకాశం, చాలాసేపు ఉత్త ఆకాశం. తర్వాత ఖాళీ వీధి. వీధి మధ్యలో ఒక చెప్పు. ఎక్కడినుంచో ఒక ఆడగొంతు ఒకే పేరు పిలుస్తోంది. అది ఆ క్యాసెట్‌లో నిజంగా ఉన్న గొంతే, అక్కడే, ఆ చెప్పు మీదే. ఇల్సమ్మ దాన్ని కదిలించలేదు. దాని ముందున్నవన్నీ ఏరి, ఆ పిలుపు వినపడేంత నిశ్శబ్దం చేసింది.

బదర్ గోడకు తిరిగి నిలబడ్డాడు. అతని వీపు కదులుతోంది. సిద్ధమ్మ చెయ్యి మిషన్ మీదే ఉండిపోయింది. దేవుడి ముందు నిలబడినప్పుడు కూడా తన ఒళ్ళు ఇట్లా జలదరించలేదని ఆమెకు అనిపించింది.

ఒక మధ్యాహ్నం కింద తలుపు మీద తుపాకీ మడమలు పడ్డాయి.

సిద్ధమ్మ ఎంత వేగంగా కదిలిందో తర్వాత తలచుకుంటే ఆమెకే నమ్మకం కలగలేదు. ఒకటే క్యాసెట్ లాగడానికి సమయముంది. ముఖాలున్న అసలు క్యాసెట్ లాగి, కిందికి పరుగెత్తి, అప్పటికే దాచి ఉంచిన తక్కినవాటితోపాటు మైదాపిండి డబ్బాలో కుక్కింది. ఇల్సమ్మను తన పక్క మీద పడుకోబెట్టి, దుప్పటి కప్పి, పసుపు నీళ్ళలో కలిపి ఆమె చేతులకూ నుదుటికీ దట్టంగా పూసింది. తెల్లతోలు పచ్చగా మారిపోయింది.

సైనికులు లోపలికి తోసుకొచ్చారు. "ఎవరది?"

"మా అత్త! జిద్రీ!" అని అరిచింది సిద్ధమ్మ. మశూచి అని. "మా ఊర్లో అమ్మవారు పోసిందంటారు! రాండి, సూడండి!" తెలుగూ అరబ్బీ కలిపి ఏడుస్తూ దుప్పటి ఎత్తబోయింది. దుప్పటి అంచున పచ్చటి చెయ్యి ఒకటి కనిపించేసరికి ముందున్నవాడు నోటికి గుడ్డ అడ్డం పెట్టుకుని వెనక్కి దూకాడు. మళ్ళీ ఆ గది వైపు ఎవరూ రాలేదు.

కానీ ఉత్తచేతులతో పోలేదు. టీవీలు, ఫ్యాను, రెండు వీడియో మిషన్లు మోసుకుపోయారు. కూర్చిన సినిమా రెండో మిషన్ కడుపులోనే ఉంది.

వార్త తెలిసి వచ్చిన బదర్ మెట్ల మీద కూలబడ్డాడు. "అంతా అయిపోయింది. ఖలాస్. దాన్ని ఎవడో ఒకడు పెట్టి చూస్తాడు. అందరినీ పట్టుకుంటారు."

పసుపు కడుక్కుంటున్న ఇల్సమ్మ తల తిప్పింది. "ఎవరిని?" అంది. "అందులో ఎవరున్నారు?"

ఆ క్యాసెట్‌లో ఉన్నవి పాదాలు, చేతులు, ఆకాశం, ఒక చెప్పు. ఎవరి తలుపు తట్టాలో దాన్ని చూసి ఎవడూ చెప్పలేడు. బదర్ లేచి, వంగి, ఆమె తడిచేతిని నుదుటికి ఆనించుకున్నాడు.

హవల్లీలో ఎలక్ట్రానిక్స్ దుకాణంలో పనిచేసే జిలానీ బాషాది కూడా రాయచోటే. సిద్ధమ్మ కబురు చేస్తే, దోపిడీ పోగా మిగిలిన మిషన్లు రెండింటినీ ఒక టీవీనీ కూరగాయల పెట్టెల అడుగున పెట్టుకుని కారులో తెచ్చాడు. "ఏందక్కా, ఊరు కాలిపోతాంటే నీకు సినిమాలు కావాల్సొచ్చినాయా?" అన్నాడు. సిద్ధమ్మ అతన్ని కూర్చోబెట్టి ఊరేగింపు క్యాసెట్ పెట్టి చూపించింది. చూశాక అతను వైర్లు కలిపి, చెమట తుడుచుకుని వెళ్ళిపోయాడు.

ఇల్సమ్మ మొత్తం మళ్ళీ కూర్చింది. ఏ పాదం తర్వాత ఏ చెయ్యి, ఏ అడుగు దగ్గర ఆపాలి, ఆకాశం ఎంతసేపు ఉండాలి, అన్నీ ఆమె లోపల ఉన్నాయి. సిద్ధమ్మ వేలిలోనూ ఉన్నాయి. పూర్తయ్యాక చూస్తే ఇది పోయినదానికంటే చిన్నది, ఇంకా గట్టిది.

"యాల తగ్గింది?"

"మొదటిసారి గుర్తున్నవన్నీ పెట్టాను. ఇప్పుడు మరిచిపోలేనివే పెట్టాను."

ఈలోగా ఇండియావాళ్ళు బస్సుల్లో బస్రా, బాగ్దాద్ మీదుగా జోర్డాన్‌కు పోతున్నారు. అక్కడినుంచి బొంబాయికి విమానాలు. జిలానీ బాషా తనకూ సిద్ధమ్మకూ చోటు సంపాదించాడు. క్యాసెట్ తానే తీసుకుపోతానంది సిద్ధమ్మ.

"వద్దు. ఏ సినిమా కూడా నీ ప్రాణమంత పెద్దది కాదు" అంది ఇల్సమ్మ.

"నువ్వు గడ్డం దించినావు, నేను నొక్కినా. సగం నాది. నా సగాన్ని నేను తీసుకుపోతాండా, నీ సగం దాని ఎనకాలే వస్తాది."

ఇల్సమ్మ చాలాసేపు నవ్వింది. తర్వాత ఒక కొత్త క్యాసెట్ తీసి, ముందు భాగంలో హిందీ పాటలు ఎక్కించి, వాటి వెనక సినిమాను అతికించింది. చెట్ల చుట్టూ తిరిగే ప్రేమికుల తర్వాత కాసేపు ఉత్త మసక, ఆ మసక తర్వాత పాదాలు. "నా జన్మలో ఇదే మొదటి దొంగ అతుకు" అంది. "పాపం ఇద్దరికీ సగం సగం."

విడిపోయేటప్పుడు ఇద్దరికీ అరబ్బీ చాలలేదు. ఇల్సమ్మ జర్మన్‌లో ఏదో అంది, సిద్ధమ్మ తెలుగులో ఏదో అంది. బదర్ ఆమెను వేరే ఇంటికి మార్చడానికి గేటు దగ్గర కారు ఆపి ఉన్నాడు.

దారి పొడుగునా సోదాలే. బస్రా దాటాక ఒక సైనికుడు సంచీలోంచి క్యాసెట్ తీసి, బస్సు పక్కన గుడారంలో ఉన్న టీవీలో పెట్టించాడు. పాట మొదలైంది. అక్కడున్న సైనికులంతా మూగారు. ఒకడు భుజాలు ఊపాడు. పాట తర్వాత పాట. జిలానీ బాషా పెదవులు కదులుతున్నాయి, కల్మా చదువుకుంటున్నాడు. మూడో పాట సగంలో వెనక బస్సులవాళ్ళు హారన్లు మోగించారు. సైనికుడు విసుక్కుంటూ క్యాసెట్ తీసి ఇచ్చాడు. "యల్లా, యల్లా" అన్నాడు.

అమ్మాన్‌లో ఇండియావాళ్ళను ఒక బడిలో దింపారు. జిలానీ బాషా ఫోను చేస్తే, ఇల్సమ్మ చెప్పి పంపిన మనిషి అక్కడికే వచ్చింది. క్రిస్టా అని, జర్మన్ టీవీ ఆమె, ఒకప్పుడు ఇల్సమ్మ దగ్గర పని నేర్చుకున్నది. సిద్ధమ్మను తన హోటల్ గదికి తీసుకుపోయి క్యాసెట్ పెట్టింది. చుట్టూ నానా దేశాల విలేకరులు, చేతుల్లో సిగరెట్లు, కాఫీలు. హిందీ పాట రాగానే గొల్లున నవ్వారు. సిద్ధమ్మ కదలకుండా నిలబడింది.

పాదాలు వచ్చాయి.

సిద్ధమ్మ తెర చూడలేదు, ఆమెకు అది కంఠతా వచ్చు. ఆమె వాళ్ళను చూసింది. నవ్వు ఒక్కొక్క ముఖం మీదినుంచి జారిపోవడం చూసింది. ఒకాయన కాఫీ కప్పు నోటి దాకా ఎత్తి అక్కడే మరిచిపోయాడు. సాల్మియా ఎక్కడుందో కూడా ఎరగని మనుషులు, ఆ పిలుస్తున్న పేరు ఎవరిదో ఎరగని మనుషులు, ఉత్త వీధినీ ఒక చెప్పునూ చూసి గొంతులు సవరించుకుంటున్నారు. ఒక లావుపాటి మనిషి కళ్ళు మూసుకున్నాడు. అయిపోయాక ఎవరూ లేవలేదు. ఎవరూ కోటు తొడుక్కోలేదు.

"దీన్ని కూర్చింది ఎవరు?" అని ఒకాయన మెల్లగా అడిగాడు. క్రిస్టా సిద్ధమ్మ కళ్ళలోకి చూసింది. ఇల్సమ్మ ఇంకా కువైట్‌లోనే, ఇరాక్‌వాళ్ళ మధ్యే ఉంది. పేరు చెప్పకూడదు. ఇద్దరూ చెప్పలేదు.

ఆ సినిమా వారం తిరక్కుండా ఎన్నో దేశాల్లో చూపించారని, డిసెంబరులో విదేశీయులందరినీ వదిలిపెట్టినప్పుడు ఇల్సమ్మ క్షేమంగా బెర్లిన్ చేరిందని జిలానీ బాషా ద్వారా సిద్ధమ్మకు తర్వాత తెలిసింది. ఆ సాయంత్రం మాత్రం ఆమెకు అవేవీ తెలియవు. బడికి తిరిగివచ్చి, వరండాలో చాప మీద కూర్చుంది.

"యాడికి పోయినావే?" అని పక్క చాప మీది వెంకటేశ్వరి అడిగింది. ఆమెది పులివెందుల.

"సినిమాకు."

"బాగుండాదా?"

సిద్ధమ్మ చెప్పబోయింది. కుడిచేతి చూపుడువేలు కేసి చూసుకుంటూ కూర్చుంది. వెంకటేశ్వరి ఒక రొట్టె తుంచి సగం ఆమె చేతిలో పెట్టింది.